అబ్బూరి ఛాయాదేవి

అబ్బూరి ఛాయాదేవి (1933–2019) తెలుగు కథా రచయిత్రి, అనువాదకురాలు. ఇంటి నాలుగు గోడల మధ్య స్త్రీ పడే బాధను గొంతు పెంచకుండా చెప్పిన కథలకూ, తత్త్వవేత్త జిడ్డు కృష్ణమూర్తి భావాలను తెలుగులోకి తెచ్చిన పుస్తకాలకూ, పనికిరావని పారేసే వస్తువులతో చేసిన బొమ్మలకూ పేరుపొందారు.

తెలుగునాట స్త్రీల దుస్థితిని రంగస్థలం మీదికి తెచ్చిన నాటకాల్లో ‘కన్యాశుల్కం’ ఒకటి. గురజాడ అప్పారావు రాసిన ఈ నాటకం 1892లో విజయనగరంలో తొలిసారి ప్రదర్శితమైంది. తర్వాతి అరవై ఏళ్లలో స్త్రీవిద్య పెరిగింది, తమ కథను ఆడవాళ్లే రాసుకునే రోజులొచ్చాయి. ఛాయాదేవి ఆ తరం రచయిత్రి.

ఛాయాదేవి 1933 అక్టోబరు 13న రాజమండ్రిలో మద్దాలి వారింట పుట్టారు. హైదరాబాదు నిజాం కళాశాలలో రాజనీతి శాస్త్రం చదివారు. 1953లో అబ్బూరి వరదరాజేశ్వరరావును వివాహమాడారు. మామగారు అబ్బూరి రామకృష్ణారావు కవి, నాటక ప్రయోక్త, విశాఖలో ఆంధ్ర విశ్వకళాపరిషత్తు గ్రంథాలయాధికారి. కోడలూ గ్రంథాలయ వృత్తినే ఎంచుకున్నారు. ఢిల్లీలో జవహర్‌లాల్ నెహ్రూ విశ్వవిద్యాలయంలో పనిచేసి, 1982లో స్వచ్ఛందంగా విరమించారు. అంతకు చాలా ముందే, 1950లలో, ‘కవిత’ పత్రికకు సంపాదకత్వం వహించారు.

ఆమె కథల్లో ‘బోన్సాయ్ బ్రతుకు’కు ప్రత్యేక స్థానం ఉంది. కుండీలో కత్తిరించి పెంచిన మరుగుజ్జు మొక్కనూ, ఆరుబయట స్వేచ్ఛగా ఎదిగి గాలివానలో పదిమందికి నీడనిచ్చే చెట్టునూ పక్కపక్కన నిలిపి, ఆడపిల్లల పెంపకాన్ని ప్రశ్నించిన కథ ఇది. ‘సుఖాంతం’లో గృహిణి కోరేది కంటినిండా నిద్ర, అంతే. అంత చిన్న కోరికతో అంత పెద్ద అన్యాయాన్ని చూపడం అరుదైన నేర్పు. ‘తన మార్గం’ సంపుటికి 2005లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం లభించింది.

కృష్ణమూర్తి వ్యాఖ్యానాలను ‘మన జీవితాలు’ పేరుతో అనువదించారు. స్త్రీల గురించి ఆయన చెప్పిన మాటలను ‘స్త్రీల జీవితాలు’గా వేరే కూర్చారు. మనసు కదలికలను తీర్పు చెప్పకుండా గమనించమన్న ఆయన బోధ ఈమె కథన పద్ధతిలోనూ కనిపిస్తుంది. ఆమె పాత్రలు ఉపన్యాసమివ్వవు, తమ బతుకును తామే నిదానంగా చూసుకుని నిర్ణయానికొస్తాయి. స్త్రీవాద పత్రిక ‘భూమిక’తో ఆమెది దీర్ఘకాల అనుబంధం. యువ రచయిత్రులకు ఆమె ఆప్తురాలు.

భర్త 1993లో మరణించారు. పిల్లలు లేరు. చివరి సంవత్సరాల్లో హైదరాబాదు కొండాపూర్‌లోని సి.ఆర్. ఫౌండేషన్ వృద్ధాశ్రమాన్ని తానే ఎంచుకుని, అక్కడ చదువుతూ రాస్తూ గడిపారు. 2019 జూన్ 28న కన్నుమూశారు. ఆమె కోరిక ప్రకారం భౌతికకాయాన్ని వైద్య విద్యార్థుల కోసం అప్పగించారు.