జోనుగారి నామకరణం

విశాఖ నుంచి అరకు చూడబోయే వాళ్ళు ఇడ్లీ పొట్లాలు విప్పే సమయానికి రైలు కొత్తవలస చేరుతుంది. లైను చీలేది అక్కడే. జపానుకు ముడి ఇనుము పంపడానికి 1960లలో కొండలు తొలిచి కిరండూల్ దాకా వేసిన దారి అది. సుమారు 445 కిలోమీటర్లు. వాల్తేరు డివిజనుకు కాసులు రాల్చింది ముఖ్యంగా ఆ ఇనుమే. సంపాదన ఇక్కడిది, పెత్తనం మాత్రం మొదట కలకత్తాది, 2003 నుంచి భువనేశ్వర్‌ది. ఉద్యోగం చేసే కోడలి జీతం అత్తగారి చేతికి వెళ్ళినట్టన్నమాట!

అందుకే విశాఖకు వేరే రైల్వే జోను కావాలని ఈ ప్రాంతం ఏళ్ళ తరబడి అడిగింది. 2014 రాష్ట్ర విభజన చట్టంలో ఆ మాట చేరింది కూడా. ఎలాగనుకున్నారు? ఆరు నెలల్లోగా జోను సంగతి ‘పరిశీలించాలి’ అని! పట్టుచీర అడిగితే మావారు చెప్పేదీ ఇదే. మైకు ముందుకొచ్చేసరికి ఆ పరిశీలన కాస్తా ‘తెచ్చి తీరతాం’ అయింది.

ఆరు నెలలు కాస్తా నాలుగేళ్ళు దాటాయి. 2019 ఫిబ్రవరి 27న, ఎన్నికలు గుమ్మంలో ఉండగా, ‘దక్షిణ కోస్తా రైల్వే’ అని ప్రకటించారు. ఆలు లేదు, చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం! ఆ పేరు పట్టుకునే 2019 ఎన్నికలు గడిచాయి, 2024వీ గడిచాయి. ప్రధాన కార్యాలయానికి శంకుస్థాపన 2025 జనవరి 8న గానీ జరగలేదు. వెనకటికి పల్లెల్లో తలుపుల మీద ‘ఓ స్త్రీ రేపు రా’ అని రాసేవారు గుర్తుందా? దెయ్యం వచ్చి, చదువుకుని, బుద్ధిగా వెళ్ళిపోయేదట. ఎటొచ్చీ దానికి ఓటు లేదు, మనకుంది.

2025 ఫిబ్రవరిలో కేంద్ర మంత్రివర్గం హద్దులు గీసింది. వాల్తేరు డివిజనును తీసేస్తామన్న పాత మాట మార్చుకుని, విశాఖపట్నం డివిజనుగా పేరు మార్చి ఉంచింది. సంతోషమే. కానీ కొత్తవలస నుంచి బచేలి దాకా ఉన్న దారిని, అరకుతో సహా, ఒడిశాలోని రాయగడ డివిజనుకు రాసేశారు. అది మళ్ళీ భువనేశ్వర్ జోనుదే. పిల్లకి పెళ్ళిచేసి, కాసులపేరు పక్కింటి బీరువాలో దాచినట్టుంది.

ఇక కొత్తవలస ప్లాట్‌ఫారం మీద ఎవరైనా “ఏటమ్మా, జోనొచ్చీసిందట గదా?” అని అడిగితే, జవాబు ఎలా ఉంటుందో ఊహించలేమా?

“వచ్చీసింది తల్లీ. మన లైనే ఎల్లిపోనాది.”