పత్రాలు, ఎలక్ట్రానిక్ సంతకాలపై కోర్టు ప్రిజంప్షన్లు

పత్రం కోర్టులో దాఖలైతే, దాన్ని ఎవరు రాశారు, ఎవరు సంతకం చేశారు, తర్వాత ఎవరైనా దిద్దారా అన్న సంగతులను దాఖలు చేసినవారే సాక్ష్యంతో రుజువు చేయాలి. కొన్ని పత్రాల విషయంలో చట్టం ఈ శ్రమను తప్పిస్తుంది. ఫలానా పరిస్థితులు ఉన్నాయని చూపిస్తే చాలు, పత్రం నిజమైనదేనని కోర్టు ముందుగా భావిస్తుంది. కాదనేవారు కాదని చూపించుకోవాలి. దీన్నే న్యాయవాదులు ప్రిజంప్షన్ అంటారు. 1872 నుంచి 2024 దాకా అమల్లో ఉన్న భారత సాక్ష్య చట్టం 4వ సెక్షన్ ఇందులో మూడు స్థాయిలు పెట్టింది. మొదటిది కోర్టు ‘భావించవచ్చు’ అన్నది. ఇష్టమైతే భావిస్తుంది, లేకపోతే రుజువు తెమ్మంటుంది. రెండోది ‘భావించాలి’ అన్నది. ఎదుటి పక్షం తప్పని రుజువు చేసేదాకా కోర్టుకు వేరే దారి ఉండదు. మూడోది ‘నిశ్చాయక రుజువు’. దాన్ని ఖండించే సాక్ష్యాన్ని అసలు వినరు. మొదటి రెండు స్థాయిల్లో ప్రిజంప్షన్ చేసే పని రుజువు భారాన్ని ఒకరి భుజం మీంచి తీసి మరొకరి మీద పెట్టడమే. కాబట్టి దాని చరిత్ర చదివేటప్పుడు అడగవలసిన ప్రశ్న, ఆ భారం మోయగలిగినవారి మీదే పడిందా అన్నది. కాగితం విషయంలో 1872 చట్టం ఈ ప్రశ్నకు చాలా జాగ్రత్తగా జవాబిచ్చింది. ఎలక్ట్రానిక్ సంతకం విషయంలో 2000 నాటి సవరణ అంత జాగ్రత్త చూపలేదు.

వైస్రాయి కౌన్సిల్‌లో న్యాయ సభ్యుడిగా ఉన్న జేమ్స్ ఫిట్జ్‌జేమ్స్ స్టీఫెన్ రూపొందించిన సాక్ష్య చట్టం 1872 సెప్టెంబర్ 1న అమల్లోకి వచ్చింది. ఇంగ్లండు కోర్టుల తీర్పుల్లో చెల్లాచెదురుగా ఉన్న సూత్రాలను ఆయన సెక్షన్లుగా కుదించాడు. మద్రాసు ప్రెసిడెన్సీలోని ఆంధ్ర జిల్లాలకు ఆ చట్టం మొదటినుంచీ వర్తించింది. హైదరాబాద్ రాజ్యంలోని తెలంగాణ జిల్లాలకు 1951 ఏప్రిల్‌లో విస్తరించింది. పత్రాలపై ప్రిజంప్షన్లు అందులో 79 నుంచి 90 దాకా ఉన్న సెక్షన్లలో వస్తాయి. వాటిని వరుసగా చదివితే ఒక క్రమం కనబడుతుంది. సర్టిఫైడ్ కాపీలు, కోర్టు నమోదు చేసిన వాంగ్మూలాలు, గెజెట్లు, ప్రభుత్వ అధికారంతో వేసిన పటాలు, అచ్చైన చట్టాలు: వీటన్నిటికీ ‘భావించాలి’ అన్న గట్టి మాట వాడారు. వీటి వెనక బాధ్యత గల అధికారి ఉన్నాడు, అతని దగ్గర మూల రికార్డు ఉంది. అనుమానం వస్తే వెళ్లి సరిచూసుకోవచ్చు. పవర్ ఆఫ్ అటార్నీ ప్రైవేటు పత్రమే అయినా దానికీ ఆ గట్టి మాటే దక్కింది. అయితే నోటరీ ముందో, న్యాయమూర్తి ముందో, కాన్సల్ ముందో సంతకం జరిగి, వారు దాన్ని ధ్రువీకరించి ఉండాలి. అంటే పెన్ను కాగితాన్ని తాకిన క్షణంలో బయటివాడొకడు అక్కడ నిలబడి చూసి ఉండాలి.

అలాంటి అధికారి ఎవరూ లేని మామూలు దస్తావేజు సంగతి 90వ సెక్షన్‌లో ఉంది. ముప్పై ఏళ్లు నిండిన పత్రం, కోర్టు సరైనదని భావించే చోటి నుంచి వస్తే, అందులోని సంతకం, రాత ఎవరివిగా కనబడుతున్నాయో వారివేనని కోర్టు ‘భావించవచ్చు’. అంత పాత దస్తావేజుకు సాక్షి సంతకాలు పెట్టినవారూ, దాన్ని రాసిన లేఖరీ బతికి ఉండే అవకాశం తక్కువ. ఎప్పుడో ముప్పై ఏళ్ల తర్వాత వచ్చే దావా కోసం ఇవాళే దొంగ కాగితం తయారుచేసి దాచేవాడు అరుదు. ఈ రెండు కారణాలూ బలమైనవే. అయినా చట్టం కోర్టు చేతులు కట్టేయలేదు. పత్రం ఎక్కడి నుంచి వచ్చిందన్న దానికీ అంతే విలువ ఇచ్చింది: భూమి చాలాకాలంగా అనుభవిస్తున్నవాడు తన ఇంట్లోంచి దస్తావేజులు తేవడం, తాకట్టు పట్టినవాడు తన దగ్గరున్నవి తేవడం, భద్రంగా ఉంచమని ఇచ్చిన బంధువు దగ్గరి నుంచి రావడం సెక్షన్ కింద ఇచ్చిన ఉదాహరణలు. ఆస్తితో ఏ సంబంధమూ లేనివాడి పెట్టెలోంచి హఠాత్తుగా పత్రం ఊడిపడితే దాని వయసు ఒక్కటే సరిపోదు.

కోర్టులు కూడా ఈ సెక్షన్‌ను హద్దుల్లోనే ఉంచాయి. ముప్పై ఏళ్లను దావా వేసిన రోజుకు కాక, పత్రాన్ని సాక్ష్యంగా దాఖలు చేసే రోజుకు లెక్కించాలని ప్రీవీ కౌన్సిల్ చెప్పింది. ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన ఒక కేసులో సుప్రీంకోర్టు, ఈ ప్రిజంప్షన్ కోర్టు ముందున్న అసలు పత్రానికే గాని దాని నకలుకు రాదని తేల్చింది. సంతకం ఫలానావారిదని భావించినంత మాత్రాన లోపల రాసిన విషయాలు నిజమని భావించినట్టు కాదని 2005లో కర్ణాటక కేసులో చెప్పింది. వీలునామాకు ముప్పై ఏళ్లు దాటినా సాక్షుల ద్వారా రుజువు చేసుకోవలసిందేనని తర్వాత స్పష్టం చేసింది. ఈ తీర్పులన్నీ ప్రిజంప్షన్‌ను దాని కారణం ఎంతవరకు ఉందో అంతవరకే వెళ్లనిచ్చాయి. నకలులో సిరా, కాగితం, దిద్దుబాట్లు కనబడవు గనుక నకలుకు ఆ మేలు లేదు.

తంతి విషయంలో 1872 చట్టం చూపిన వివేకం ఇప్పటికీ చదివి నేర్చుకోదగ్గది. చిరునామాదారుకు తంతి కార్యాలయం అందించిన సందేశం, పంపే కార్యాలయంలో ఇచ్చిన సందేశమే అయి ఉంటుందని కోర్టు భావించవచ్చు. కానీ దాన్ని అక్కడ ఇచ్చిన మనిషి ఎవరన్న దానిపై మాత్రం ఏ ప్రిజంప్షనూ చేయకూడదని 88వ సెక్షన్ నిషేధించింది. యంత్రం మాటను మోస్తుంది, మాట చెప్పినవాడికి హామీ ఇవ్వదు. కౌంటర్ దగ్గర ఫారం నింపి ఎవరి పేరైనా రాయొచ్చని చట్టం రాసినవారికి తెలుసు. ఇ-మెయిల్ కోసం 2000లో చేర్చిన 88ఎ సెక్షన్ ఇదే పద్ధతిని అనుసరించింది: పంపే కంప్యూటర్‌లోకి ఎక్కించిన సందేశమే చేరిందని భావించవచ్చు, పంపిందెవరన్నది భావించకూడదు. 2013 జూలైలో దేశంలో తంతి సేవ ముగిసింది, 2024లో సాక్ష్య చట్టం స్థానంలో వచ్చిన కొత్త చట్టంలోంచి తంతి సెక్షన్ కూడా పోయింది. దాని తర్కం మాత్రం ఇ-మెయిల్ సెక్షన్‌లో బతికే ఉంది.

సమాచార సాంకేతిక (ఐటీ) చట్టం 2000 అక్టోబర్ 17న అమల్లోకి వస్తూ సాక్ష్య చట్టాన్ని కూడా సవరించింది. ఎలక్ట్రానిక్ వాణిజ్యంపై ఐక్యరాజ్యసమితి కమిషన్ 1996లో తయారుచేసిన నమూనా చట్టం దీనికి ప్రేరణ. అప్పటికే అమెరికాలోని యూటా రాష్ట్రం 1995లో డిజిటల్ సంతకాల చట్టం చేసి ఉంది. మన చట్టం చేర్చిన 85ఎ, 85బి, 85సి సెక్షన్లన్నిటిలోనూ ‘భావించాలి’ అన్న మాటే ఉంది. భద్రమైన ఎలక్ట్రానిక్ రికార్డు, దానికి ఆ హోదా వచ్చిన క్షణం నుంచి మారలేదని కోర్టు భావించాలి. భద్రమైన సంతకాన్ని సర్టిఫికెట్ పొందిన చందాదారే, సంతకం చేయాలన్న ఉద్దేశంతోనే పెట్టాడని భావించాలి. 2009 అక్టోబర్ నుంచి డిజిటల్ సంతకం అన్న మాట స్థానంలో మరింత విశాలమైన ఎలక్ట్రానిక్ సంతకం వచ్చింది. 2015లో ఆధార్ ధ్రువీకరణతో చేసే ఈ-సైన్‌కూ గుర్తింపు దక్కింది.

ఇప్పుడు రెండు పత్రాలను పక్కపక్కన పెట్టి చూద్దాం. తాత ట్రంకు పెట్టెలోంచి తీసిన, మడతల దగ్గర చిరిగిన, ముప్పై ఏళ్లు దాటిన క్రయ దస్తావేజును కోర్టు ‘నమ్మవచ్చు’. నిన్న సాయంత్రం డిజిటల్ సంతకం పడిన ఒప్పందాన్ని ‘నమ్మాలి’. ఈ తేడాను సమర్థించేవారు గణితాన్ని చూపిస్తారు. సంతకందారు రహస్యంగా ఉంచుకునే ప్రైవేట్ కీతో చేసిన సంతకాన్ని అందరికీ అందుబాటులో ఉండే పబ్లిక్ కీతో సరిచూడవచ్చు. పత్రంలో ఒక్క అక్షరం మారినా, దాని నుంచి లెక్కగట్టే హాష్ విలువ మారిపోతుంది. చేతిరాత నిపుణుడి అభిప్రాయం దీని ముందు నిలవదు. ఇది నిజమే, పత్రం మారలేదనడానికి ఇంతకన్నా మంచి సాక్ష్యం లేదు. కానీ గణితం రుజువు చేసేది ఫలానా కీ వాడారని మాత్రమే. ఆ కీ ఎవరి చేతిలో ఉందో అది చెప్పదు. 85బి మొదటి సగం సైన్సు మీద నిలబడింది. రెండో సగం మనుషుల అలవాట్ల మీద నిలబడింది, అక్కడే పునాది బలహీనం.

ఆ అలవాట్లేమిటో ఏ చిన్న పట్టణంలోని ఆడిటర్ ఆఫీసులోనైనా చూడవచ్చు. సొరుగులో, సంతకపు కీలు ఉన్న పెన్‌డ్రైవ్ లాంటి టోకెన్లు వరుసగా ఉంటాయి. ఒక్కోదానికి కంపెనీ పేరు, డైరెక్టర్ పేరు రాసిన చీటీ అంటించి ఉంటుంది, చాలాసార్లు దాని మీదే పిన్ నంబరు కూడా. గడువు రోజున రిటర్నులు దాఖలు చేసే గుమస్తా ఒకదాని తర్వాత ఒకటి గుచ్చి సంతకాలు వేసేస్తాడు. ఇందులో మోసం లేదు, పని నడిపే పద్ధతి అది. కానీ భద్రమైన సంతకం అనాలంటే సంతకం చేసే క్షణాన కీ పూర్తిగా ఆ వ్యక్తి అదుపులోనే ఉండాలని ఐటీ చట్టం 15వ సెక్షన్ అడుగుతోంది. టోకెన్ ఇంకొకరి సొరుగులో ఉన్నప్పుడు ఆ షరతు తీరలేదు. నోటరీ సంతకం జరిగేటప్పుడు మనిషిని చూస్తాడు. సర్టిఫయింగ్ అథారిటీ సర్టిఫికెట్ ఇచ్చేటప్పుడు ఒక్కసారి చూస్తుంది, ఆ తర్వాత రెండు మూడేళ్లలో పడే వందల సంతకాల్లో దేన్నీ చూడదు. నోటరీకి ఇచ్చిన గట్టి ప్రిజంప్షన్‌నే దానికీ ఇవ్వడంలో ఈ దూరాన్ని ఎవరూ లెక్కలోకి తీసుకోలేదు. ఈ-సైన్‌లో కీ ఒక్క సంతకానికే పుట్టి వెంటనే నాశనమవుతుంది గనుక సొరుగు సమస్య పోతుంది. కానీ ఓటీపీ వచ్చిన ఫోను ఆ క్షణాన ఎవరి దగ్గరుందన్న ప్రశ్న మిగిలే ఉంటుంది. వృద్ధులైన తల్లిదండ్రుల ఫోన్లు కొడుకుల చేతుల్లో ఉండే ఇళ్లు మనకు కొత్త కాదు.

కీని కాపాడుకోవడం చందాదారు బాధ్యత కదా, నిర్లక్ష్యం చేసినవాడే ఫలితం అనుభవించాలి కదా అని అడగవచ్చు. ఐటీ చట్టం 42వ సెక్షన్ అదే అంటుంది: కీ పోయిందని సర్టిఫయింగ్ అథారిటీకి చెప్పేదాకా బాధ్యత అతనిదే. వ్యాపార సంస్థల మధ్య ఇది న్యాయమే. అయితే నిర్లక్ష్యానికి నష్టపరిహారం కట్టించడం వేరు, చేయని సంతకాన్ని ఉద్దేశపూర్వకంగా చేశాడని తేల్చడం వేరు. 85బి ఆ రెండోదాన్ని భావించమంటోంది. కాగితం మీద కూడా ఫోర్జరీలు జరుగుతాయి కదా అన్నది ఇంకో అభ్యంతరం. జరుగుతాయి. కానీ ఫోర్జరీ అయిన కాగితం తనతోపాటే ఆనవాళ్లను కోర్టుకు తెస్తుంది: సిరా, ఒత్తుడు, స్టాంపు పేపరు కొన్న తేదీ, వేలిముద్ర. ఇతరుడు వాడిన కీతో పడిన సంతకం అసలు సంతకానికి అక్షరాలా సమానం. దాన్ని ఖండించాలంటే లాగిన్ వివరాలు, ఐపీ చిరునామాలు, సమయ ముద్రలు కావాలి. అవన్నీ ఎదుటి పక్షం సర్వర్లోనో సర్టిఫయింగ్ అథారిటీ దగ్గరో ఉంటాయి. ఖండించే సాధనాలు లేనివారి మీద ఖండించే భారం పెట్టడమే ఇక్కడి లోపం.

అయిదేళ్ల ఎలక్ట్రానిక్ రికార్డుపై 90ఎ సెక్షన్ పెట్టిన ప్రిజంప్షన్ మరింత తొందరపాటు పని. అందులో ‘భావించవచ్చు’ అన్న మెత్తని మాట ఉన్నందుకు సంతోషించాలి గానీ, ముప్పైని అయిదు చేయడానికి పాత కారణాలేవీ సరిపోవు. అయిదేళ్లలో సాక్షులు చనిపోరు. సాంకేతికత వేగంగా మారుతుంది, అయిదేళ్ల తర్వాత పాత ఫైళ్లను పరీక్షించడమే కష్టం అన్న వాదనలో కొంత నిజముంది: చాలా సర్టిఫికెట్ల గడువు అప్పటికే తీరిపోయి ఉంటుంది. కానీ పరీక్షించడం కష్టమవుతోందన్నది జాగ్రత్త పెంచడానికి కారణం కావాలి, తగ్గించడానికి కాదు. ఈ సెక్షన్ కింద కోర్టులు బరువు పెట్టవలసింది వయసు మీద కాదు, రికార్డు సరైన చోట ఉందా అన్న షరతు మీద.

యంత్రాన్ని ముందే నమ్మితే ఏమవుతుందో ఇంగ్లండు చరిత్రలో ఉంది. అక్కడి 1984 పోలీసు, క్రిమినల్ సాక్ష్య చట్టం 69వ సెక్షన్, కంప్యూటర్ సక్రమంగా పనిచేస్తోందని చూపిస్తే తప్ప దాని రికార్డును క్రిమినల్ కేసుల్లో అనుమతించేది కాదు. ఇది వృథా శ్రమ అని లా కమిషన్ సిఫారసు చేయగా ఆ సెక్షన్ రద్దై, 2000 నుంచి పాత సూత్రమే మిగిలింది: సక్రమంగా లేదని ఎవరైనా చూపేదాకా యంత్రం సక్రమంగా ఉన్నట్టే. అక్కడి పోస్టాఫీసు వాడిన హొరైజన్ అనే సాఫ్ట్‌వేర్ లెక్కల్లో చూపిన లోటు ఆధారంగా 900 మందికి పైగా సబ్‌పోస్ట్‌మాస్టర్లు, సిబ్బంది దొంగతనం, తప్పుడు లెక్కల నేరాల కింద శిక్షలు పొందారు. సాఫ్ట్‌వేర్లో లోపాలున్నాయని చూపించే రికార్డులు వారి దగ్గర లేవు, ప్రాసిక్యూషన్ నడిపిన సంస్థ దగ్గరున్నాయి. ఆ లోపాలను హైకోర్టు 2019 డిసెంబర్‌లో తేల్చింది. 2021 ఏప్రిల్‌లో అప్పీలు కోర్టు 39 మంది శిక్షలు రద్దు చేసింది. 2024లో పార్లమెంటే చట్టం చేసి మిగతావాటిలో చాలా వాటిని కొట్టేయవలసి వచ్చింది. జైలుకు వెళ్లినవారు, ఇల్లు అమ్ముకున్నవారు, శిక్ష రద్దయ్యేలోపే కన్నుమూసినవారు వీరిలో ఉన్నారు. ఇది సంతకానికి సంబంధించిన కథ కాదు, నిజమే. కానీ భారాన్ని సాధనాలు లేనివారి మీద పెట్టడమన్న తప్పు ఒకటే.

మన దేశంలో ప్రిజంప్షన్ కన్నా ఎక్కువ చర్చ ఎలక్ట్రానిక్ రికార్డు నకలుకు సర్టిఫికెట్ కావాలా అన్న 65బి సెక్షన్ మీద జరిగింది. అక్కర్లేదని 2005లో పార్లమెంటు దాడి కేసులోనూ, కావాలని 2014లో కేరళ ఎన్నికల కేసులోనూ, అన్ని సందర్భాల్లోనూ తప్పనిసరి కాదని 2018లోనూ చెప్పిన సుప్రీంకోర్టు, చివరికి 2020 జూలైలో మహారాష్ట్ర ఎన్నికల కేసులో కావలసిందేనని స్థిరపరిచింది. ఈ లోగా రెండు తెలుగు రాష్ట్రాల్లో అడంగల్, పహాణీ, కుల, ఆదాయ సర్టిఫికెట్లు మీసేవ కేంద్రాల నుంచి డిజిటల్ సంతకంతో రావడం మామూలైంది. వీటికి గట్టి ప్రిజంప్షన్ ఇవ్వడంలో తప్పు లేదు. వెనక అధికారి ఉన్నాడు, సరిచూసుకునే రికార్డు ఉంది. స్థిరాస్తి బదిలీ పత్రాలను ఐటీ చట్టం పరిధిలోంచి మినహాయించిన నిబంధన 2022లో తొలగిపోయింది గనుక, ప్రైవేటు ఎలక్ట్రానిక్ సంతకాల తగాదాలు ఇక భూమి మీదికీ వస్తాయి. వీలునామా మాత్రం ఇప్పటికీ మినహాయింపులోనే ఉంది.

సాక్ష్య చట్టం స్థానంలో 2024 జూలై 1న అమల్లోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమ్ పాత 85బిని 86వ సెక్షన్‌గా, 90ఎను 93వ సెక్షన్‌గా దాదాపు మార్పులేకుండా ఉంచింది. నకలుకు సంబంధించిన 63వ సెక్షన్ కింద మాత్రం రెండు భాగాల సర్టిఫికెట్ పెట్టింది: ఒకటి రికార్డు నిర్వహించేవారిది, రెండోది నిపుణుడిది, రెండింటిలోనూ హాష్ విలువ రాయాలి. 86వ సెక్షన్‌లోనే ఒక రక్షణ మొదటినుంచీ ఉంది. భద్రమైన రికార్డు, భద్రమైన సంతకం కాని వాటికి ఏ ప్రిజంప్షనూ వర్తించదని దాని రెండో ఉపసెక్షన్ అంటుంది. అంటే ‘భద్రం’ అన్న హోదాను, కీ సంతకందారు ఒక్కడి అదుపులోనే ఉందన్న సంగతితో సహా, ప్రిజంప్షన్ కోరేవారే ముందు సాక్ష్యంతో చూపాలి. ట్రయల్ కోర్టులు సర్టిఫికెట్ చూసి సరిపెట్టుకోకుండా ఈ మెట్టు దగ్గర ఆగి, ఎదుటివారు అడిగిన లాగ్‌లను తెప్పించి చూడాలి. అందుకు కొత్త సవరణేదీ అవసరం లేదు.