ఆయుధపు పిడి: కొయ్యకు, ఇనుముకు పొత్తు

నెల్లూరు జిల్లా పశ్చిమ భాగమున, ఆత్మకూరు దాటి వాయవ్యముగా పోయినచో ఉదయగిరి దుర్గము కనబడును. 3,079 అడుగుల ఎత్తుగల ఈ కొండకోటను గజపతులనుండి శ్రీకృష్ణదేవరాయలు దీర్ఘమైన ముట్టడి తరువాత 1514లో గెలుచుకొనెను. అట్టి యుద్ధములను గూర్చి చదువునప్పుడు మనము కత్తి వాదరనో, తుపాకి గుండునో తలంతుము. పిడిని తలచువారు అరుదు. కాని చేతికి, ఇనుముకు నడుమ నిలుచునది పిడియే. ఆయుధము తరచుగ చెడుట మొదలుపెట్టునదియు అక్కడనే.

కారణము తెలిసికొనవలెనన్న కొయ్య స్వభావమును ఎరుగవలెను. కొయ్య గాలిలోని తేమను పీల్చుకొని ఉబ్బును, ఎండినప్పుడు కుదియును. గాలిలో సాపేక్ష ఆర్ద్రత నూటికి 30 ఉన్నప్పుడు కొయ్యలో తేమ సుమారు 6 శాతము నిలుచును. ఆర్ద్రత 80 ఐనచో తేమ సుమారు 16 శాతమునకు పెరుగును. మెట్టసీమయగు ఉదయగిరి, ఆత్మకూరు ప్రాంతములలో రోహిణికార్తె వడగాడ్పులకు, కార్తీకమాసపు ఈశాన్య ఋతుపవనపు వానలకు నడుమ కొయ్య ఈ మార్పుకు ఏటేట లోనగును. నారల పొడవున ఈ మార్పు లెక్కకు రానంత స్వల్పము. అడ్డముగా మాత్రము హెచ్చు. ఇనుము తేమకు ఉబ్బదు. కనుక ఈ రెండింటిని కదలకుండ బిగించినచో ఎప్పుడో ఒకప్పుడు కొయ్య పగులును.

దీనికి చెమట తోడగును. చెమటలోని ఉప్పు పిడి సందులలో చేరి ఇనుమును త్వరగా తుప్పు పట్టించును. తుప్పు, తాను పుట్టిన ఇనుముకంటె ఎక్కువ చోటు ఆక్రమించి కొయ్యను లోపలినుండి ఒత్తును. కొన్ని కొయ్యలలో టానిన్లు అను వగరు పదార్థములు కలవు. ఇవి ఇనుముతో కలిసి నల్లని మరక నిచ్చును. పూర్వము కరక్కాయను, అన్నభేదిని కలిపి సిరా చేసినది ఈ రసాయన చర్య వలననే.

కాబట్టి మంచి పిడికి రెండు గుణములుండవలెను: గట్టిగా పట్టియుండవలెను, అవసరమైనప్పుడు ఊడిరావలెను. పల్లెలోని కొడవలికి ఈ సూత్రము తెలిసినదే. పిడి చివర ఇనుప పొన్ను తొడిగి కొయ్య పగులకుండ కాపాడుదురు. పిడి అరిగిన వేరొకటి వేయుదురు, కొడవలి మిగులును.

మన దేశపు తల్వారులలో ఇందుకు లక్కను వాడిరి. ఇనుప పిడి బోలులో కరిగిన లక్కను నింపి, కత్తి మొదటి మొనను అందులో దించి చల్లార్చెడివారు. లక్క సుమారు 75 డిగ్రీల సెంటిగ్రేడు వద్ద మెత్తబడును గనుక, పిడిని వేడిచేసి కత్తిని మరల ఊడదీయ వచ్చును. హైదరాబాదునందు 1951లో తెరచిన సాలార్‌జంగు మ్యూజియములో పచ్చరాతి పిడిగల జహంగీరు బాకు కలదు. పచ్చరాయి కొయ్యవలె తేమను పీల్చదు.

1520లో రాయచూరు ముట్టడియందు పోర్చుగీసు తుపాకివాండ్రు రాయలకు తోడ్పడిరి. తుపాకికి కొయ్యతో పని మరింత పెరిగెను. తొలినాటి పిస్తోళ్ళలో గొట్టము క్రిందుగా పోయి పిడిగా వంగు కొయ్య అంతయు ఒకటే తునక. అది విరిగినచో మొత్తము మార్చవలసినదే. తరువాత పిడికి ఇనుప చట్రమునే చేసి, దానికి ఇరువైపుల రెండు పలకలు బిగించు పద్ధతి వచ్చెను. 1911లో అమెరికా సైన్యము స్వీకరించిన కోల్టు పిస్తోలులో ఒక్కొక్క అక్రోటు కొయ్య పలకకు రెండేసి స్క్రూలు, పైన ఒకటి, క్రింద ఒకటి. నారలు నిలువుగా ఉండుటచే ఆ రెండింటి నడుమ దూరము ఋతువుతో దాదాపు మారదు. పలక అడ్డముగా కొంచెము మెదలినను పగులదు.

ఈ మార్పునకు ఉదయగిరి చరిత్రలోను ఒక తారీఖు తోడుగా కనబడును. ఉదయగిరి జాగీరు 1839 వరకు ముస్తఫా అలీఖాను వంశీయుల క్రింద ఉండెను. ఆ ఏట, ప్రభుత్వముపై కుట్ర పన్నెనను నేరముపై అప్పటి జాగీరుదారును చెంగల్పట్టునకు పంపివేసిరి. అదే 1839లో అమెరికాలో చార్లెస్ గుడ్‌యియర్ రబ్బరును గంధకముతో కాచి గట్టిపరచు విధము కనుగొనెను. గంధకము ఎక్కువైనచో రబ్బరు కొమ్మువలె కఠినమగును. బ్రిటిషు సైన్యము 1915లో స్వీకరించిన వెబ్లీ రివాల్వరు పిడిపలకలు ఇట్టి రబ్బరువే. ఇది కొయ్యవలె ఉబ్బదు గాని, వెలుతురు తగిలి గోధుమవన్నెకు మారి పెళుసెక్కును. లోపము లేని పదార్థము లేదు.

పిడిపలకలను ఊడదీయుట సులభమే, నిదానము కావలెను. మన దేశమున ఇట్టి ఆయుధము 1959 ఆయుధముల చట్టము క్రింద లైసెన్సు గలవారి యొద్దనే ఉండును. మొదట తూటా లేదని కంటితో, వ్రేలితో రూఢి చేసికొనవలెను. స్క్రూ గాడికి సరిగా సరిపడు మొనగల స్క్రూడ్రైవరునే వాడవలెను. సన్నని మొన గాడిని చెరుపును. పలకను అంచున గుచ్చి పెకలింపరాదు. చట్రము లోపలినుండి మెల్లగా నెట్టవలెను. చెమట మురికిని తుడిచి, ఇనుముకు పలుచగా నూనె పూసి, కొయ్యకు అవిసెనూనె రెండు మూడు చుక్కలు రుద్ది ఆరనీయవలెను. అవిసెనూనె గాలిలోని ఆమ్లజనిని గ్రహించి గట్టిపడును. కొబ్బరినూనె, ఆముదము అట్లు ఆరక జిడ్డుగనే ఉండును. అవిసెనూనె గుడ్డలను ముద్దగా పడవేసినచో తమంతట తామే వేడెక్కి అంటుకొనవచ్చును, విప్పి ఆరవేయవలెను. తిరిగి బిగించునప్పుడు స్క్రూ ఆనినంతనే ఆపవలెను. అతిగా బిగించుటయే పగుళ్ళకు మొదటి కారణము.

నేడు ఉదయగిరి పేరు తెలుపునది ఆయుధము కాదు, కొయ్య గరిటె. దుర్గపు అడవులలోని నర్ది, కల్ది, బిక్కి, పాలబరక కొయ్యలతో ఇచ్చటి పనివారు చెంచాలు, గరిటెలు, ఫోర్కులు చెక్కి, కాడలపై పువ్వులు తీర్చుదురు. ఈ పనికి భౌగోళిక సూచిక గుర్తింపు లభించినది. గుంట, కాడ ఒకే కొయ్య. ఇనుము లేదు గనుక తుప్పు లేదు, రెండు పదార్థముల పోరు లేదు. ఐనను తేమ ఉన్నదే. ఈ గరిటెను నీటిలో నాననీయక, కడిగిన వెంటనే తుడిచి నీడను ఆరబెట్టవలెను.

కోటను గెలిచినవారి పేర్లు శాసనములు నిలుపును. ఏ కొయ్య ఏ పనికి పనికివచ్చునో, దానిని ఎట్లు ఆరబెట్టవలెనో అను తెలివిని చేతులే నిలుపవలెను. ఆ చేతులకు పని, ఆ కొండకు చెట్టు ఉన్నంత కాలమే అది నిలుచును.