వాహినిలో వేసిన విజయనగరం

తెలుగువాళ్ళలో చాలామంది ఊహలో ఉన్న విజయనగరం హంపిలోది కాదు. అది మద్రాసులో వాహిని స్టూడియో వాళ్ళు వేసిన సెట్. వేయించింది కళాదర్శకుడు ఎ.కె.శేఖర్. సినిమా బి.ఎన్.రెడ్డి 'మల్లీశ్వరి', 1951 డిసెంబర్‌లో విడుదలైంది. పాటల గురించి, కృష్ణశాస్త్రి మాటల గురించి, భానుమతి గురించి మనం ఎంతైనా మాట్లాడుకుంటాం. శేఖర్ పేరు మాత్రం టైటిల్స్‌లో వచ్చి వెళ్ళిపోతుంది.

ఆయన అప్పటికే పెద్ద పనివాడు. 1948లో జెమినీ వాసన్ తీసిన 'చంద్రలేఖ'కు కళాదర్శకుడు ఆయనే. ఆ డ్రమ్ముల డాన్సు చూసినవాళ్ళు ఆ సెట్ సైజు మర్చిపోలేరు. 'మల్లీశ్వరి'కి కావలసింది అది కాదు. ఇక్కడ జనం నమ్మాలి.

మాది ఆదోని. 'మల్లీశ్వరి' వచ్చిన ఏడాది ఆదోని, హంపి ఒకే జిల్లాలో ఉండేవి: బళ్ళారి జిల్లా. 1953 అక్టోబర్ 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు ఆదోని, ఆలూరు, రాయదుర్గం తాలూకాలు ఇటొచ్చాయి, హంపి మైసూరు వైపు వెళ్ళింది. అంటే మా తాతల తరానికి రాయల రాజధాని సొంత జిల్లాలో ఊరు. మా కోట కూడా విజయనగరం వాళ్ళదే. 1565 యుద్ధం తర్వాత బీజాపూరు చేతికి పోయింది. ఆ సుల్తానుల తరఫున ఇక్కడ పాలించిన సిద్ది మసూద్ ఖాన్ కట్టించిన జామియా మసీదు ఇప్పటికీ ఊళ్ళో ఉంది.

హంపికి వెళ్తే ఒక సంగతి తెలుస్తుంది. అక్కడ గుళ్ళు మిగిలాయి, ఇళ్ళు మిగల్లేదు. రాజభవనాలకు రాతి అరుగులే ఉన్నాయి. పైన ఉండాల్సిన కొయ్య స్తంభాలు, పైకప్పులు ఎప్పుడో పోయాయి. అంటే రాణివాసం తలుపు ఎలా ఉండేదో, దీపం ఎక్కడ పెట్టేవారో శేఖర్‌కు చెప్పే రాయి లేదు. అదే ఏడాది 'పాతాళభైరవి'కి గోఖలే, కళాధర్ వేసిన మాయామహళ్ళను ఎవరూ తప్పుపట్టలేరు, పోల్చడానికి అసలుదంటూ లేదు కదా. శేఖర్‌కు పక్కనే శిథిలం సాక్షిగా ఉంది. ఆయన పోయినదాన్ని కథను బట్టి పూరించాడు. పల్లెలో ఆకాశం, చెట్లు, వానకు తలదాచుకునే మండపం. అంతఃపురంలో స్తంభాలు, తెరలు, తలుపులు. మల్లి బందీ అయిందని ఆమె చెప్పేలోపే గోడలు చెప్పేస్తాయి.

ఇప్పుడు మా జిల్లా తెర మీద ఎలా ఉందో చూడండి. కర్నూలంటే కొండారెడ్డి బురుజు. 'ఒక్కడు' (2003) తర్వాత అదే గుర్తు. 'సరిలేరు నీకెవ్వరు' (2020) కోసం ఆ బురుజునే రామోజీ ఫిలిం సిటీలో సెట్‌గా వేశారు, కళాదర్శకుడు ఎ.ఎస్.ప్రకాశ్. పనితనానికి వంక పెట్టలేం. కానీ బురుజు దాటి పడమరకు వస్తే ఏముందో తెరకు తెలీదు.

ఎమ్మిగనూరు ఉంది. 1938లో మాచాని సోమప్ప అక్కడ చేనేత సహకార సంఘం పెట్టాడు, 1954లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. నేతగాడి మిద్దెను అతని మగ్గమే నిర్ణయిస్తుంది. గుంట ఎక్కడుంటే మనిషి అక్కడ కూర్చోవాలి, గవాక్షి వెలుతురు నూలు మీద పడాలి, పడుగుకు పొడవు కావాలి, మిగిలిన జాగాలోనే పొయ్యి, పిల్లలు, పడక. ఏ కళాదర్శకుడికైనా ఇంతకన్నా మంచి ఇల్లు దొరకదు. ఆదోని పత్తి మార్కెట్టు కూడా అంతే.

మిద్దెలు కూలి స్లాబులు లేస్తున్నాయి. రేపెప్పుడో ఎవరైనా మా కథ తీయాలనుకుంటే వాళ్ళకు హంపిలో శేఖర్‌కు దొరికినట్టే రాళ్ళు దొరుకుతాయి: కోట, బురుజు, మసీదు. మనుషులు బతికిన గదులు ఊహించుకోవాలి. శేఖర్ లాంటివాడు దొరికితే సరే, లేకపోతే ఏది వేస్తే అదే మేం. మగ్గం గుంటలున్న ఇళ్ళు ఎమ్మిగనూరులో ఇంకా ఉన్నాయి. కొలుచుకోవడానికి ఒక టేపు, ఒక నోటుబుక్కు చాలు.