విడి కాగితం

స్వర్ణ చతుర్భుజి రోడ్డు కింద ఏం జరుగుతోందో ప్రధానమంత్రికి రాసిన ఇంజినీరు సత్యేంద్ర దూబే యథార్థ గాథ

2003 నవంబరు 27, గురువారం. తెల్లవారుజామున మూడు గంటల వేళ. వారణాసిలో పెళ్లికి వెళ్లి వస్తున్న ముప్ఫై ఏళ్ల ఇంజినీరు బిహార్‌లోని గయ స్టేషన్లో రైలు దిగారు. స్టేషనుకు రమ్మని డ్రైవరుకు ముందే చెప్పి ఉంచారు. కారు రాలేదు. బ్యాటరీ మొరాయించిందని తెలిసింది. ఇల్లు ఊళ్లోనే కాబట్టి రిక్షా ఎక్కారు.

ఎంతసేపటికీ సారు ఇంటికి చేరకపోయేసరికి డ్రైవరు వెతుక్కుంటూ బయల్దేరాడు. ఏపీ కాలనీలో రోడ్డు పక్కన ఆయన పడి ఉన్నారు. ఒంట్లో తుపాకీ గుండు దిగింది. అప్పటికే ప్రాణం పోయింది.

పోలీసు రికార్డు ఇక్కడ మొదలవుతుంది. సత్యేంద్ర దూబే కథ మాత్రం అంతకు ఏడాది ముందు రాసిన ఒక ఉత్తరం దగ్గర మలుపు తిరిగింది. ఆ ఉత్తరం ఎందుకు రాశారో తెలియాలంటే ముందు ఆయన ఊరికి వెళ్లాలి.

* * *

బిహార్‌లో సివాన్ జిల్లా. అందులో షాపూర్ అనే పల్లె. తండ్రి చక్కెర మిల్లులో గుమాస్తా. ఇంట్లో ఏడుగురు పిల్లలు: ఐదుగురు ఆడపిల్లలు, ఇద్దరు మగపిల్లలు. గుమాస్తా జీతం మీద నడిచే అలాంటి ఇంట్లో చదువొక్కటే ఆస్తి. పదిహేనేళ్లకే సత్యేంద్ర ఊరు వదిలి అలహాబాదుకు వెళ్లారు. 1990లో కాన్పూరు ఐఐటీలో సీటు వచ్చింది. 1994లో సివిల్ ఇంజినీరింగు పూర్తయింది. ఆ తర్వాత కాశీ హిందూ విశ్వవిద్యాలయంలో ఎంటెక్ చేశారు.

ఐఐటీలో చదివినవాళ్లు చాలామంది విమానమెక్కే రోజులవి. ఈయన కేంద్ర ప్రభుత్వ ఇంజినీరింగు సర్వీసును ఎంచుకున్నారు. 2002 జులైలో జాతీయ రహదారుల ప్రాధికార సంస్థలో చేరారు. మనం ఎన్‌హెచ్‌ఏఐ అని పిలిచేది ఆ సంస్థనే. పోస్టింగు ఝార్ఖండ్‌లోని కోడెర్మాలో. ఔరంగాబాద్ నుంచి బారాచట్టి దాకా సాగే రోడ్డు పనిలో కొంత భాగం ఆయనకు అప్పగించారు.

ఆ రోడ్డు మామూలుది కాదు. షేర్ షా పేరుతో చరిత్ర పుస్తకాల్లో చదువుకున్న గ్రాండ్ ట్రంక్ రోడ్డు అదే. అప్పట్లో దాన్ని రెండో నంబరు జాతీయ రహదారి అనేవారు. స్వర్ణ చతుర్భుజిలో ఢిల్లీ నుంచి కోల్‌కతాకు వెళ్లే భుజం అది.

* * *

స్వర్ణ చతుర్భుజి అన్న మాట ఆ రోజుల్లో ఎంత ఆశ రేపిందో ఇప్పటి పిల్లలకు చెప్పాలి. జాతీయ రహదారులంటే అప్పటికి చాలాచోట్ల రెండు వరుసల రోడ్లే. ఎదురుగా లారీ వస్తే మట్టిలోకి దిగాల్సిందే. 1998లో ప్రధాని వాజపేయి జాతీయ రహదారుల అభివృద్ధి పథకం ప్రకటించారు. ఢిల్లీ, ముంబయి, చెన్నై, కోల్‌కతాలను నాలుగు వరుసల రోడ్డుతో చుట్టూ కలపాలన్నది అందులో మొదటి భాగం. మొత్తం పొడవు 5,846 కిలోమీటర్లు. చెన్నై, కోల్‌కతాల మధ్య భుజం మన తీరం వెంబడే సాగుతుంది. తడ దగ్గర రాష్ట్రంలోకి వచ్చి నెల్లూరు, ఒంగోలు, గుంటూరు, విజయవాడ, విశాఖల మీదుగా ఇచ్ఛాపురం దాటుతుంది. నిన్నటి ఐదో నంబరు రోడ్డు, నేటి పదహారో నంబరు రోడ్డు.

ఇంత పెద్ద పనికి సొమ్ము మన బంకుల దగ్గరే పోగైంది. పెట్రోలు, డీజిలు మీద మొదట లీటరుకు రూపాయి చొప్పున సెస్సు వేశారు. అందులో ఒక వాటా జాతీయ రహదారులకు వెళ్లింది. పొలం దున్నే ట్రాక్టరు, పిల్లల్ని బడికి దింపే స్కూటరు, ఊరి బస్సు కూడా ఆ రూపాయి కట్టాయి. దానికి ప్రపంచ బ్యాంకు వంటి సంస్థల అప్పులు తోడయ్యాయి. ఆ అప్పు తీర్చేదీ మనమే.

ఇక్కడ రోడ్డు పని గురించి కొంచెం తెలుసుకోవాలి. రోడ్డంటే మన కంటికి కనిపించేది పైనున్న నల్లటి పొర. దాని బలం కింద ఉంటుంది. ముందు మట్టి కట్ట పోయాలి. ఒకేసారి ఎత్తుగా పోసేస్తే కుదరదు. పొర తర్వాత పొర పోస్తూ, సరిపడా నీళ్లు చల్లుతూ, ప్రతి పొరనూ రోలరుతో తొక్కించాలి. ఆ మట్టి ఎంత గట్టిపడిందో అక్కడికక్కడే గుంట తీసి పరీక్ష చేయాలి. దాని మీద గ్రావెల్, ఆపైన కంకర మిశ్రమం, చివరికి తారు. ఏ పొర మందం ఎంత, ఏ కంకర సైజు ఎంత అనేది ఒప్పందంలో రాసి ఉంటుంది. ఒక పొరలో దొంగతనం జరిగితే దాని మీద మరో పొర పడగానే ఆ దొంగతనం కనిపించకుండా పోతుంది. రెండు వానాకాలాలు గడిచాక రోడ్డు కుంగుతుంది. అప్పటికి బిల్లు పాసై ఉంటుంది.

అందుకే సైటు ఇంజినీరు సంతకానికి అంత విలువ. పై పొర పడకముందు కింది పొరను చూసే ఆఖరి కళ్లు ఆయనవే.

సత్యేంద్ర ఆ కళ్లు మూసుకోలేదు. డబ్బు విషయంలో జరుగుతున్న అక్రమాలను బయటపెట్టి, కాంట్రాక్టు సంస్థ తన ఇంజినీర్లు ముగ్గురిని సస్పెండ్ చేసేలా చేశారు. నాణ్యత లేదని తేలిన ఆరు కిలోమీటర్ల రోడ్డును మళ్లీ వేయించారు. ఆరు కిలోమీటర్లు తవ్వి మళ్లీ వేయడమంటే కాంట్రాక్టరుకు ఎంత నష్టమో ఆ వృత్తిలో ఉన్నవాళ్లకు వేరే చెప్పనక్కర్లేదు. ఆ పని చేయించిన మనిషి ఎంతమందికి కంటగింపవుతాడో కూడా చెప్పనక్కర్లేదు.

* * *

2002 నవంబరు 11. ఉద్యోగంలో చేరి నాలుగు నెలలైంది. తన ఒక్క సైటులో పట్టుకుంటే చాలదని ఆయనకు అర్థమైంది. జబ్బు పథకం మొదట్లోనే ఉంది. ఆయన నేరుగా ప్రధానమంత్రికి ఉత్తరం రాశారు.

అందులో ఆయన ఎత్తిచూపినవి గాలి మాటలు కావు. ఏ పని ఎంత చేయాలో ముందే లెక్కగట్టాల్సిన ప్రాజెక్టు రిపోర్టులు సరిగా తయారు కావడం లేదు. టెండర్లలో పెద్ద కాంట్రాక్టర్లు చక్రం తిప్పుతున్నారు. పని మొదలుపెట్టడానికని ఇచ్చే అడ్వాన్సు సొమ్మును హడావుడిగా విడుదల చేస్తున్నారు. పని దక్కించుకున్న పెద్ద సంస్థలు దాన్ని ముక్కలు చేసి, ఆ స్థాయి రోడ్డు వేసే సత్తా లేని చిన్న చిన్న సబ్ కాంట్రాక్టర్లకు అప్పగిస్తున్నాయి. దేశం కలగన్న పథకంలో ప్రజల సొమ్ము దోపిడీ అవుతోందన్నది ఆయన ఆవేదన.

ఆకాశరామన్న ఉత్తరాలను ఎవరూ పట్టించుకోరని ఆయనకు తెలుసు. పేరు పెడితే ఏమవుతుందో కూడా తెలుసు. అందుకని ఒక పద్ధతి ఆలోచించారు. ఉత్తరంలో పేరు రాయలేదు. తానెవరో, ఎక్కడ పనిచేస్తున్నారో ఒక విడి కాగితం మీద రాసి జత చేశారు. అలా ఎందుకు చేశారో ఉత్తరంలోనే చెప్పారు: గోప్యత కోసం.

ఆ కాగితాన్ని విడదీసి పక్కన పెట్టడానికి ఎవరికైనా ఒక్క క్షణం చాలు. ఆ పని ఎవరూ చేయలేదు. ఉత్తరం ప్రధాని కార్యాలయం నుంచి రోడ్డు రవాణా శాఖకు, అక్కడి నుంచి ఆయన పనిచేస్తున్న ఎన్‌హెచ్‌ఏఐకే వెళ్లింది. విడి కాగితం కూడా దాంతోపాటే వెళ్లింది. ఫైలు చేతులు మారిన కొద్దీ ఆయన పేరు చూసినవాళ్ల సంఖ్య పెరిగింది. చివరికి ఆయనకు అందిన జవాబు మందలింపు. పైఅధికారులను దాటి నేరుగా ప్రధానికి ఎందుకు రాశావని సంస్థ విజిలెన్సు విభాగం అడిగింది.

రహస్యంగా ఉంచమన్న తన పేరు రహస్యంగా లేదని ఆయనకు ఆ మందలింపుతో తెలిసిపోయింది. అయినా ఉద్యోగం వదల్లేదు. 2003లో ఆయన్ను గయకు బదిలీ చేశారు. ఈ దశలో తనను మార్చడం పనికి మేలు చేయదని ఆయన అభ్యంతరం చెప్పారు. అయినా వెళ్లక తప్పలేదు. గయలోనూ అదే చూశారు: నియమాలు తోసిరాజని పనిని సబ్ కాంట్రాక్టులకు ఇవ్వడం, నాణ్యత పరీక్షలను గాలికొదిలేయడం. అక్కడా రాశారు. అక్కడా అడిగారు.

ఆ నవంబరులో పెళ్లికని వారణాసి వెళ్లారు.

* * *

హత్య జరిగిన మూడు రోజులకు ఉత్తరం సంగతి పత్రికలో వచ్చింది. దేశం ఉలిక్కిపడింది. కాన్పూరు ఐఐటీ పూర్వ విద్యార్థులు కదిలారు. దేశవిదేశాల్లోని ఇంజినీర్లు సంతకాలు సేకరించారు. పార్లమెంటు అట్టుడికింది. డిసెంబరులో కేసు సీబీఐ చేతికి వచ్చింది.

దర్యాప్తు సాఫీగా సాగలేదు. సీబీఐ ప్రశ్నించిన ఇద్దరు అనుమానితులు 2004 ఫిబ్రవరి మొదట్లో విషం వల్ల చనిపోయారు. చివరికి సీబీఐ తేల్చింది ఇది: దారి దోపిడీకి వచ్చినవాళ్లను ఎదిరించడంతో ఆయన్ను కాల్చారు. 2010 మార్చిలో పట్నా కోర్టు ముగ్గురిని దోషులుగా తేల్చి శిక్ష వేసింది. కుటుంబానికి ఆ తీర్పు ఊరట ఇవ్వలేదు. అసలు కారకులు బయటికి రాలేదన్నదే వాళ్ల మాట.

కోర్టు తీర్పును కాదనే ఆధారం మన దగ్గర లేదు. ఆ ఉత్తరానికీ ఆ తుపాకీకీ ముడి ఉందని రుజువు కాలేదు. ఆ మాట నిజాయితీగా ఒప్పుకోవాలి. అయితే ఒక సంగతికి మాత్రం ఏ రుజువూ అక్కర్లేదు. తన పేరు దాచమని ఒక ఉద్యోగి ఈ దేశపు అత్యున్నత కార్యాలయాన్ని ప్రాధేయపడ్డాడు. ఆ పేరు దాచలేకపోయారు. గయలో రిక్షా ఎక్కకముందే ఆయన్ను ఒంటరిని చేశారు. ఆ తప్పుకు ఏ కోర్టూ ఎవరికీ శిక్ష వేయలేదు.

* * *

ఆయన మరణం వృథా కాలేదని చెప్పడానికి కొన్ని ఆధారాలున్నాయి. సుప్రీంకోర్టు అడగడంతో 2004 ఏప్రిల్లో కేంద్రం ఒక తీర్మానం చేసింది. అవినీతి గురించి సమాచారమిచ్చే ఉద్యోగుల ఫిర్యాదులు తీసుకుని, వాళ్ల పేరు కాపాడే బాధ్యతను కేంద్ర విజిలెన్స్ కమిషన్‌కు అప్పగించింది. ఫిర్యాదును మూసిన కవరులో పంపాలి. కవరు మీద పేరు ఉండకూడదు. పేరు, చిరునామా లోపల రాయాలి, లేదా జతచేసిన వేరే కాగితం మీద రాయాలి. సత్యేంద్ర 2002లో తనకు తానుగా ఆలోచించిన పద్ధతే ప్రభుత్వ నియమమైంది. అప్పటికి ఆయన లేరు.

కాన్పూరు ఐఐటీ ఆయన పేరిట ఒక పురస్కారం నెలకొల్పింది. వృత్తిలో నిజాయితీకి నిలబడ్డ ఐఐటీ పూర్వ విద్యార్థులకు దాన్ని ఇస్తారు.

తీర్మానం తర్వాత చట్టం రావాలి. పదేళ్లు పట్టింది. సమాచారమిచ్చేవారి రక్షణ చట్టం పార్లమెంటు ఆమోదం పొంది, 2014 మేలో రాష్ట్రపతి సంతకం కూడా అయింది. కానీ అది అమల్లోకి రావాలంటే కేంద్రం గెజిట్‌లో తేదీ ప్రకటించాలి. ఆ తేదీ ప్రకటించలేదు. 2015లో ఆ చట్టానికి సవరణ బిల్లు తెచ్చారు. దేశ భద్రత వంటి కారణాలు చూపి కొన్ని రకాల సమాచారాన్ని ఫిర్యాదుల పరిధి నుంచి తప్పించే బిల్లు అది. లోక్‌సభ దాటి, రాజ్యసభలో ఆగి, 2019లో లోక్‌సభ రద్దుతో మురిగిపోయింది. చట్టం మాత్రం పుస్తకంలోనే ఉంది.

ఈలోగా రోడ్లు పెరిగాయి. 2014లో దేశంలో జాతీయ రహదారులు 91 వేల కిలోమీటర్ల పైచిలుకు. ఇప్పుడు 1.46 లక్షల కిలోమీటర్లు దాటాయి. అది సంతోషించాల్సిన విషయమే. ఆ రోడ్ల మీదే కొత్త ఊళ్లు లేచాయి, చేపలు, మామిడి, పత్తి దూర మార్కెట్లకు వెళ్తున్నాయి. కానీ ఇంకో లెక్క కూడా ఉంది. 2022లో దేశంలో రోడ్డు ప్రమాదాల్లో 1,68,491 మంది చనిపోయారు. వాళ్లలో 61 వేల మందికి పైగా జాతీయ రహదారుల మీదే పోయారు. దేశంలోని మొత్తం రోడ్ల పొడవులో ఈ రహదారులు రెండు శాతం మాత్రమే. ఈ చావుల్లో అతివేగానికి పెద్ద వాటా ఉంది. నాసిరకం పనికీ, తప్పుడు మలుపులకూ, గుంటలకూ కూడా వాటా ఉంది. ఆ గుంట పడకముందే, పై పొర వేయకముందే చూసి ఆపగలిగేది సైటులో నిలబడ్డ ఇంజినీరు ఒక్కరే.

ఈ పూట కూడా ఏదో ఒక రోడ్డు పని దగ్గర ఒక యువ ఇంజినీరు కింది పొరలో లోపం చూసి ఉంటారు. రాయాలా వద్దా అని ఆలోచిస్తూ ఉంటారు. ఆ అబ్బాయో అమ్మాయో మన ఊరి పిల్లలే కావచ్చు. వాళ్లకు ధైర్యం చెప్పడానికి కొత్త చట్టం చేయనక్కర్లేదు. ఉన్న చట్టానికి ఒక తేదీ వేస్తే చాలు. దానికి కావలసింది గెజిట్‌లో ఒక్క కాగితం.

ఈసారి మీ ఎంపీ మీ ఊరికి వచ్చినప్పుడు రోడ్డు కావాలని అడగండి. దాంతోపాటు ఆ కాగితం ఎప్పుడొస్తుందని కూడా అడగండి.