బి. నర్సింగరావు చిత్రాలలో మాట, మౌనం

బి. నర్సింగరావు సినీప్రస్థానం ‘మా భూమి’ (1979)తో, నిర్మాతగా, కథనరచనలో భాగస్వామిగా మొదలైంది. కృషన్ చందర్ ఉర్దూ నవల ఆధారంగా గౌతమ్ ఘోష్ తీసిన ఆ చిత్రంలో జనం గొంతెత్తి ప్రశ్నిస్తారు. దర్శకుడైన తరువాత నర్సింగరావు ఆ గొంతును తగ్గించారు. ‘రంగుల కల’ (1983) కంటే ‘దాసి’ (1988)లో ఇది స్పష్టం. నిజాం కాలపు గడీలో కమలాక్షికి మాటలు బహు తక్కువ. ఎడతెగని చాకిరీయే కథను నడుపుతుంది. నోరెత్తే వీలులేని స్త్రీ చేత ధారాళంగా మాట్లాడించకపోవడమే ఇందులోని చారిత్రక నిజాయితీ. అర్చన అభినయంతో సహా ఆ చిత్రానికి ఐదు జాతీయ పురస్కారాలు దక్కాయి.

‘మట్టి మనుషులు’ (1990) పొట్టకూటికి నగరం చేరిన భవన నిర్మాణ కూలీల కథ. కృష్ణానది చెంతనే ఉన్న ధరూర్, గద్వాల ప్రాంతాలతో సహా పాలమూరు పల్లెలకు ఆ వలస కొత్తది కాదు.