అమీరుపేటలో తొలి తెలుగు చిత్రము

సేద్యకానికి చెరువెట్టిదో చిత్రదర్శకునకు స్టూడియో అట్టిది. ప్రతిభ యెంత యున్నను పనిచేయుటకు తావు లేనిచో నది వెలుగునకు రాదు. హైదరాబాదు నగర చరిత్రయే యిందుకు సాక్ష్యము.

1922వ సంవత్సరమున వంగదేశీయుడగు ధీరేంద్రనాథ గంగూలీగారు నైజాం ప్రభువుల యాదరముతో నీ నగరమున లోటస్ ఫిలిం కంపెనీని స్థాపించి మూకీ చిత్రములు తీసిరి. 1924లో 'రజియా బేగం' అను చిత్రమును ప్రదర్శింపగా, ముస్లిము రాణి హిందువును ప్రేమించు నా కథ ప్రభువుల యాగ్రహమునకు కారణమయ్యెను. గంగూలీగారు నగరమును విడువవలసి వచ్చెను. ఒక్కరి దయపై నిలిచిన కళ యా దయతోడనే యంతరించెను.

పిదప తెలుగు చిత్రపరిశ్రమ మదరాసున స్థిరపడెను. 1956 నవంబరు 1వ తేదీన ఆంధ్రప్రదేశ్ అవతరించినను, పరిశ్రమ వెంటనే రాజధానికి రాలేదు. ఆ కాలమున చల్లపల్లి రాజా శ్రీ యార్లగడ్డ శివరామప్రసాద్ గారు అమీరుపేటయందు సారథీ స్టూడియోను నెలకొల్పిరి. గూడవల్లి రామబ్రహ్మముగారి 'మాలపిల్ల' (1938), 'రైతుబిడ్డ' (1939) చిత్రములకు అండయైనవారును వీరే. తాము జమీందారులై యుండియు జమీందారీ దౌష్ట్యమును చూపు చిత్రమునకు ధనమిచ్చుట సామాన్యమైన యౌదార్యము కాదు.

ఈ స్టూడియోయందే శ్రీ గుత్తా రామినీడుగారు 'మా ఇంటి మహాలక్ష్మి' (1959) చిత్రముతో దర్శకులైరి. సంపూర్ణముగా హైదరాబాదుననే నిర్మితమైన తొలి తెలుగు చిత్రమని దీనికి ప్రసిద్ధి. జమునగారు నాయిక, నాయకుడు హరనాథుగారికి నిదియే తొలి చిత్రము. క్రొత్త తావున, క్రొత్త దర్శకుడు, క్రొత్త నటునితో పూనుకొనిన సాహసమిది.

మరుసటి యేడే రామినీడుగారు వంగచిత్రమగు 'దీప్ జ్వేలే జాయ్' ఆధారముగా 'చివరకు మిగిలేది' తీసిరి. మానసిక రోగులకు సేవ చేయుచు తుదకు తానే మతి కోల్పోవు నర్సు పాత్రయందు సావిత్రిగారి నటన నేటికిని స్మరింపబడుచున్నది. మూడు దశాబ్దముల పిదప, 1991లో, కాళీపట్నం రామారావుగారి 'యజ్ఞం' కథను చిత్రముగా మలచిరి. గృహకథతో నారంభించినవారు, అప్పు తీర్పలేని పేద కుటుంబపు ఘోరవ్యథను చెప్పుటవరకు సాగిరి.

1976లో పంజాగుట్టకు చేరువనున్న బంజారాహిల్సున అక్కినేని నాగేశ్వరరావుగారి అన్నపూర్ణ స్టూడియో వెలసెను. క్రమముగా పరిశ్రమయంతయు హైదరాబాదునకు తరలెను. త్రోవ చూపినది మాత్రము అమీరుపేటయే.

దాతలారా! నేడును అవకాశమునకై యీ వీథులలో తిరుగు యువకులు పెక్కురు గలరు. విద్యార్థి వసతిగృహములకు విరాళములిచ్చు చేతులతోడనే కళాభ్యాసమునకును ఒక తావు కల్పింపుడు. ఒక్క చిత్రమునకు ధనమిచ్చుట ఒక్కనికి ఉపకారము. పనిచేయు తావు నిర్మించుట పెక్కుతరములకు ఉపకారము.